గుడ్డు లేకుండా కేకు, ఆమ్లెట్, మయొనైజ్: తరచుగా అడిగే ప్రశ్నలు

ఇంట్లో గుడ్డు మానేసినవారు, మానాలనుకుంటున్నవారు, గుడ్డు పడని పిల్లలకు పుట్టినరోజు కేకు చేయాల్సినవారు నన్ను అడిగే ప్రశ్నలన్నీ ఇక్కడ ఒకచోట చేర్చాను. మా అక్క కొడుక్కి గుడ్డు పడదని తెలిసిన రోజు నుంచి మా వంటింట్లోకి గుడ్డు రాలేదు. కొన్నాళ్లకు పాలు, వెన్న కూడా మానేశాం. ఇక్కడ టేబుల్ స్పూను అంటే 15 మిల్లీలీటర్లు, టీస్పూను అంటే 5, కప్పు అంటే 240 మిల్లీలీటర్లు.

గుడ్డుకు బదులు ఏం వేయాలో ఒక్క మాటలో చెప్పగలరా?

చెప్పలేను. ఒక్కో వంటలో గుడ్డు ఒక్కో పని చేస్తుంది. కట్లెట్‌లో అది బంక. స్పాంజి కేకులో గాలిని పట్టి ఉంచే నురగ. మయొనైజ్‌లో నూనెనూ నీటినీ విడిపోకుండా కలిపి ఉంచేది అదే. బన్ను మీద అది మెరుపు. ఆమ్లెట్‌లో అయితే వంటంతా అదే.

పెంకు తీసిన మామూలు గుడ్డు సుమారు 50 గ్రాములు ఉంటుంది. అందులో తెల్లసొన 33 గ్రాములు, పచ్చసొన 17 గ్రాములు. తెల్లసొనలో పదింట తొమ్మిది వంతులు నీరే, మిగిలినదాంట్లో ఎక్కువ భాగం ప్రోటీను. పచ్చసొనలో సగం నీరు పోగా చాలా వరకు కొవ్వు. లెసిథిన్ ఉండేది ఆ కొవ్వులోనే. వేడి తగిలితే ప్రోటీను గడ్డకడుతుంది, గిలకొడితే గాలిని పట్టుకుంటుంది, లెసిథిన్ నూనెను నీటితో కలుపుతుంది. ఈ మూడు పనులనూ గుడ్డంత బాగా చేసే ఒకే పదార్థం మన డబ్బాల్లో లేదు. విడివిడిగా ఒక్కో పని చక్కగా చేసేవి మాత్రం చాలానే ఉన్నాయి.

అందుకే వంట మొదలుపెట్టే ముందు ఒక ప్రశ్న వేసుకోండి: ఇందులోంచి గుడ్డు తీసేస్తే ఏది పోతుంది? గుడ్ల లెక్క కూడా కొంత చెబుతుంది. అరకిలో పిండికి ఒక గుడ్డు అంటే అది బంక కోసమో తేమ కోసమో. నాలుగు గుడ్లు తీసుకొని తెల్లసొన విడదీసి గిలకొట్టమన్నారంటే అక్కడ కావలసింది నురగ. మొదటిదానికి అవిసె గింజల ముద్ద సరిపోతుంది. రెండోదానికి సరిపోదు.

‘ఎగ్‌లెస్’ అని రాసి ఉంటే అది వీగన్ అన్నట్టేనా?

కాదు. ఎక్కువ మంది పొరపడేది ఇక్కడే. వీగన్ అంటే పాలు, తేనె సహా జంతువుల నుంచి వచ్చేదేదీ లేని ఆహారం. మన బేకరీల్లో ఎగ్‌లెస్ కేకును చాలాసార్లు కండెన్స్‌డ్ మిల్క్‌తోనో, పెరుగుతోనో, వెన్నతోనో చేస్తారు. గుడ్డు ఉండదు, పాలు ఉంటాయి. ప్యాకెట్ మీది ఆకుపచ్చ చుక్క కూడా వీగన్ అని చెప్పదు. మన దేశంలో ఆ చుక్క శాకాహారానికి గుర్తు, పాలూ తేనే ఉన్న పదార్థానికీ దాన్ని వేయవచ్చు. వీగన్ ఆహారానికి ఆహార భద్రత, ప్రమాణాల సంస్థ 2022లో వేరే నిబంధనలు తెచ్చింది. ఆకుపచ్చ చతురస్రంలో ఆకుతో కూడిన ‘వి’ అక్షరం వీగన్ గుర్తు. అది కనిపించకపోతే వెనకవైపు పదార్థాల జాబితా చదవాల్సిందే. పాలపొడి, వే, కేసీన్ అన్నవి పాల నుంచి వచ్చేవే.

అవిసె గింజలతో గుడ్డు ఎలా చేస్తారు?

ఒక టేబుల్ స్పూను అవిసె గింజల పొడిలో మూడు టేబుల్ స్పూన్ల నీళ్లు కలిపి పది నిమిషాలు వదిలేయండి. చెంచాతో ఎత్తితే తీగలా సాగుతూ జారాలి. అది ఒక గుడ్డుకు సమానం. గింజ పైపొరలో ఉండే పీచు నీటిని పీల్చుకుని జిగురుగా మారుతుంది.

గింజలను అలాగే నానబెడితే ముద్ద కాదు. పొడి కొట్టాల్సిందే. కొట్టిన పొడిని బయట ఉంచకండి, దాంట్లోని నూనె త్వరగా ముక్కిపోతుంది. గింజలు మంచివే కొన్నా కేకు చేదుగా ఉందని కొందరు అంటారు. చాలాసార్లు కారణం పాత పొడి. వారానికి సరిపడా మాత్రమే కొట్టుకుని, గాలి చొరని సీసాలో పోసి ఫ్రిజ్‌లో పెట్టుకోండి.

ఒక హద్దు కూడా చెప్పాలి. గుడ్డులోని ప్రోటీను వేడికి బిగుసుకుంటుంది. అవిసె జిగురు అలా బిగుసుకోదు, నీటిని పట్టుకుని కూర్చుంటుంది. కాబట్టి రెండు గుడ్లకు మించి దీనితో మార్చితే కేకు మధ్యలో జిగటగా, ఉడకనట్టుగా ఉంటుంది. గోధుమపిండి బిస్కెట్లు, క్యారెట్ కేకు, బ్రౌనీలు, ఓట్స్ ఉండల వంటివాటికి దీన్ని మించింది లేదు. తెల్లని వెనిలా కేకుకు వద్దు, గోధుమరంగు చుక్కలు కనిపిస్తాయి.

చియా, సబ్జా ఒకటేనా?

కాదు. సబ్జా తులసి జాతి మొక్క గింజ, నల్లగా ఉంటుంది, నీళ్లలో వేసిన నిమిషాల్లోనే ఉబ్బుతుంది. చియా బూడిదరంగు మచ్చలతో, కోలగా ఉంటుంది. కేకులోకి చియాను అవిసె కొలతలోనే వాడవచ్చు. సబ్జాను షర్బత్‌కే ఉంచండి.

శనగలు ఉడికించిన నీళ్లు నురగ కడతాయంటున్నారు, నిజమేనా?

నిజం. మొదటిసారి చూసినప్పుడు నేనూ నమ్మలేకపోయాను. జోయెల్ రోసెల్ అనే ఫ్రెంచి గాయకుడు పప్పుధాన్యాల డబ్బాల్లోని నీళ్లు తెల్లసొనలా నురగ కడతాయని 2014లో బయటపెట్టారు. మరుసటి ఏడాది గూస్ వోల్ట్ అనే అమెరికన్ ఇంజనీరు ఆ నీళ్లలో చక్కెర తప్ప ఇంకేమీ కలపకుండా మెరాంగ్ (తీపి నురగను ఓవెన్‌లో ఆరబెట్టి చేసే మిఠాయి) చేసి చూపి, వాటికి ‘ఆక్వాఫాబా’ అని పేరు పెట్టారు. లాటిన్‌లో ఆక్వా అంటే నీరు, ఫాబా అంటే చిక్కుడు గింజ. ఉడికేటప్పుడు శనగల్లోంచి కొంత ప్రోటీను, కొంత పిండి పదార్థం, సబ్బులా నురగ కట్టించే సాపోనిన్లు నీళ్లలోకి దిగుతాయి. నురగ నిలవడానికి ఇవన్నీ కలిసి పనిచేస్తాయి.

విదేశాల్లో ఉన్నవారు డబ్బా శనగలు కొంటే పని సులువు. ఉప్పు లేని డబ్బా తీసుకుని నీళ్లు వంపుకుంటే చాలు. ఇంట్లో అయితే ఇలా చేయండి. ఒక కప్పు కాబూలీ శనగలు రాత్రంతా నానబెట్టి, ఆ నీళ్లు పారబోయండి. శనగలు మునిగి పైన ఒక అంగుళం నిలిచేలా కొత్త నీళ్లు పోసి, ఉప్పు, నూనె, సోడా ఏవీ వేయకుండా కుక్కర్‌లో మెత్తగా ఉడికించండి. మూత తీయగానే వడకట్టకండి, అసలు కిటుకు ఇదే. శనగలను అదే నీళ్లలో పూర్తిగా చల్లారనిచ్చి, రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచి, మర్నాడు వడకట్టండి. అప్పటికీ నీళ్లు పలచగా ఉంటే చిన్న మంట మీద మరిగించి చిక్కబరచండి. చల్లారాక వేళ్ల మధ్య రుద్దితే తెల్లసొనలా జారాలి.

ఇందులో మూడు టేబుల్ స్పూన్లు ఒక గుడ్డుకు సమానం, రెండు టేబుల్ స్పూన్లు ఒక తెల్లసొనకు సమానం.

నురగ రాలేదు. ఎక్కడ తప్పు జరిగి ఉంటుంది?

గారెల పిండి రుబ్బినవారికి ఈ సంగతి త్వరగా అర్థమవుతుంది. మినప్పిండిని చేత్తో బాగా గిలకొట్టి, చిటికెడు తీసి నీళ్ల గిన్నెలో వేస్తాం. తేలితే గాలి పట్టినట్టు, మునిగితే ఇంకా గిలకొట్టాలి. శనగ నీళ్లదీ ఇదే లెక్క, సమయమే ఎక్కువ పడుతుంది.

ఎలక్ట్రిక్ బీటర్‌తో మొదలుపెట్టిన మొదటి రెండు నిమిషాలు పెద్ద పెద్ద బుడగలే కనిపిస్తాయి, సబ్బు నీళ్లలా ఉంటుంది. చాలామంది ఇక్కడే నిరాశపడి ఆపేస్తారు. ఆపకండి. నాలుగైదు నిమిషాలకు బుడగలు సన్నబడి పసుపు ఛాయ పోతుంది, తెలుపు తిరుగుతుంది. ఇక చక్కెర పొడిని చెంచా చెంచాగా జల్లుతూ పోతే, మరో ఐదు నిమిషాల్లో బీటర్ తిరిగిన చాళ్లు చెరిగిపోకుండా నిలుస్తాయి. బీటర్‌ను పైకి ఎత్తితే కొన నిలబడాలి. గిన్నెను బోర్లించినా నురగ జారకూడదు. అర టీస్పూను నిమ్మరసం ముందే వేస్తే నురగ ఇంకా గట్టిగా నిలుస్తుంది.

ఇంత చేసినా రాలేదంటే గిన్నెకు నూనె జిడ్డు ఉండి ఉంటుంది. ప్లాస్టిక్ గిన్నె ఎంత కడిగినా జిడ్డు వదలదు, స్టీలుదో గాజుదో వాడండి. అదీ కాకపోతే నీళ్లు పలచన. చేత్తో తిప్పే విస్క్‌తో మాత్రం ప్రయత్నించకండి, చేయి పడిపోతుంది కానీ నురగ నిలవదు.

ఈ నురగ కేకు పిండిలో కలిపినప్పుడు గుడ్డు నురగంత బలంగా ఉండదు. వేడికి గడ్డకట్టి గోడలా నిలిచే శక్తి దీనికి తక్కువ. కాబట్టి కేకులో దీనితో పాటు బేకింగ్ పౌడర్ తప్పనిసరి. మెరాంగ్‌లు, చాకొలెట్ మూస్, మాకరూన్లు మాత్రం దీనితో అద్భుతంగా వస్తాయి. మెరాంగ్‌లను 100 డిగ్రీల ఓవెన్‌లో గంటన్నర నుంచి రెండు గంటలు ఆరనిచ్చి, ఓవెన్ ఆపాక లోపలే చల్లారనివ్వాలి. వాన కాలంలో బయట పెడితే అరగంటలో జిగురెక్కుతాయి, వెంటనే డబ్బాలో పెట్టి మూత వేయండి.

ఇవేమీ లేకుండా, ఇంట్లో ఉన్నవాటితో ఈ రోజే కేకు చేయాలంటే?

వెనిగర్, వంట సోడా కేకు చేయండి. అమెరికాలో 1930ల ఆర్థిక మాంద్యం కాలంలో గుడ్లు, పాలు, వెన్న కొనలేని ఇళ్లలో ఇలాంటి కేకులు బాగా చేసుకునేవారు. కొత్తగా నేర్చుకునేవారికి నేను మొదట నేర్పేది ఇదే.

ఒకటిన్నర కప్పు మైదా, ఒక కప్పు చక్కెర, మూడు టేబుల్ స్పూన్ల కోకో పొడి, ఒక టీస్పూను వంట సోడా, అర టీస్పూను ఉప్పు కలిపి జల్లించండి. వేరే గిన్నెలో ఒక కప్పు నీళ్లు, ఆరు టేబుల్ స్పూన్ల నూనె, ఒక టేబుల్ స్పూను వెనిగర్, ఒక టీస్పూను వెనిలా ఎసెన్సు కలపండి. ఓవెన్‌ను 180 డిగ్రీలకు ముందే వేడి చేసి, గిన్నెకు నూనె రాసి సిద్ధంగా ఉంచుకున్నాకే తడిని పొడిలో పోయండి. పిండి కనిపించనంత వరకు కలిపి ఆపేయండి. వెనిగర్ సోడాను తాకగానే గాలి పుడుతుంది, మీరు ఆలస్యం చేసిన కొద్దీ అది పోతుంది. ముప్పై, ముప్పై అయిదు నిమిషాలకు పుల్ల గుచ్చితే పొడిగా రావాలి. వేరుశనగ నూనెతో చేస్తే నూనె వాసన తెలుస్తుంది, పొద్దుతిరుగుడు నూనె వాడండి.

ఓవెన్ లేనివారు మందపాటి గిన్నెలో ఉప్పు పోసి, స్టాండు పెట్టి, మూత వేసి సన్న మంట మీద చేయవచ్చు. సమయం పది, పదిహేను నిమిషాలు ఎక్కువ పడుతుంది.

అరటిపండు వేయవచ్చా?

వేయవచ్చు, అరటిపండు రుచి మీకు ఇష్టమైతేనే. ఒక గుడ్డుకు 60 గ్రాముల గుజ్జు. పెద్ద అరటిపండైతే సగం చాలు, కర్పూర అరటి, చక్కెరకేళి వంటి చిన్నవైతే ఒకటి పడుతుంది. తొక్క మీద నల్ల మచ్చలు వచ్చిన పండు తీసుకోండి. ఇది తేమను ఇస్తుంది, పట్టు ఇస్తుంది, పొంగు మాత్రం ఇవ్వదు. కాబట్టి అర టీస్పూను బేకింగ్ పౌడర్ అదనంగా వేయండి. ఉడికించి మెదిపిన ఆపిల్ గుజ్జుకూ ఇదే కొలత, ఇదే జాగ్రత్త. దాని రుచి అంతగా పైకి తేలదు.

ఆమ్లెట్ మాటేమిటి?

‘టొమాటో ఆమ్లెట్’ పేరుతో శనగపిండి అట్టు మనకు ఎప్పటి నుంచో ఉంది. అర కప్పు శనగపిండి, ఇంచుమించు అంతే నీళ్లు, ఉల్లిపాయ, పచ్చిమిర్చి, కొత్తిమీర, చిటికెడు పసుపు, పావు టీస్పూను బేకింగ్ పౌడర్ కలిపి పది నిమిషాలు నాననివ్వండి. మూత పెట్టి కాలిస్తే లోపల పచ్చి వాసన ఉండదు.

గుడ్డు వాసన కూడా కావాలంటే నల్ల ఉప్పు. అందులోని గంధకం వల్లే ఉడికిన గుడ్డు వాసన వస్తుంది. పిండిలో కలిపితే కాలేసరికి వాసన చాలా వరకు పోతుంది. పళ్లెంలోకి తీశాక పైన చల్లండి, చిటికెడు చాలు.

ఇక పెసలు. అమెరికాలో 2018లో మార్కెట్‌కు వచ్చిన ‘జస్ట్ ఎగ్’ అనే సీసా గుడ్డుకు ఆధారం పెసల ప్రోటీనే. పెసల్లోంచి ప్రోటీనును విడదీసి, నూనె కలిపి, పెనం మీద పోస్తే గుడ్డులా గడ్డకట్టేలా తయారుచేశారు. ఆ వార్త చదివిన రోజు నాకు చాలా సంతోషం వేసింది. మనం పొద్దున్నే అల్లం వేసి రుబ్బే గింజే అది. పొట్టు తీసిన పెసరపప్పును మూడు గంటలు నానబెట్టి, కొంచెం నూనె, పసుపు వేసి వెన్నలా రుబ్బి, పెనం మీద మందంగా పోసి, కదుపుతూ చిన్న చిన్న ముక్కలుగా విరిస్తే బుర్జీకి బాగా దగ్గరగా వస్తుంది. పెసరట్టులా పలచగా పోయకండి, కరకరలాడితే బుర్జీ అనిపించదు.

మయొనైజ్ గుడ్డు లేకుండా నిలుస్తుందా?

నిలుస్తుంది. పైగా పచ్చి గుడ్డు భయం ఉండదు. కలుషిత ఆహారం ఘటనల తర్వాత తెలంగాణ ప్రభుత్వం 2024 అక్టోబరు 30 నుంచి పచ్చి గుడ్డుతో చేసే మయొనైజ్‌ను ఏడాది పాటు నిషేధించింది. మండీ, మోమోల పక్కన దానికి అలవాటు పడినవారు చాలామంది అప్పుడే గుడ్డు లేని దాని గురించి అడగడం మొదలుపెట్టారు.

పొడవాటి గ్లాసులో పావు కప్పు చక్కెర లేని సోయా పాలు, అర కప్పు నూనె, అర టీస్పూను ఆవపొడి, తగినంత ఉప్పు వేయండి. చేతి బ్లెండర్‌ను గ్లాసు అడుగుకు ఆనించి, కదపకుండా ఇరవై సెకన్లు తిప్పండి. అడుగు నుంచి తెల్లగా చిక్కబడుతూ వస్తుంది, అప్పుడు మెల్లగా పైకి ఎత్తండి. నిమ్మరసం చివర్లో ఒక టీస్పూను వేస్తే ఇంకాస్త చిక్కబడుతుంది. సోయాలోని ప్రోటీను, లెసిథిన్ పచ్చసొన పని చేస్తాయి. బాదం పాలతో, కొబ్బరి పాలతో ఇంత తేలిగ్గా కుదరదు. పాలు, నూనె రెండూ గది వేడిమిలోనే ఉండాలి, ఒకటి ఫ్రిజ్‌లోంచి తీస్తే విరిగిపోతుంది.

కట్లెట్లు విడిపోకుండా, బ్రెడ్డు పొడి అంటుకునేలా ఏం చేయాలి?

మూడు టేబుల్ స్పూన్ల శనగపిండి, మూడు టేబుల్ స్పూన్ల నీళ్లు కలిపిన జారు ఒక గుడ్డుకు సరిపోతుంది. కట్లెట్‌ను అందులో ముంచి బ్రెడ్డు పొడిలో దొర్లించండి. ముద్దలోనే పట్టు లేకపోతే ఉడికిన బంగాళాదుంప కలపండి.

కస్టర్డ్ పౌడర్‌లో గుడ్డు ఉంటుందా?

సాధారణంగా ఉండదు. అసలు అది పుట్టిందే గుడ్డు పడని మనిషి కోసం. ఇంగ్లండ్‌లోని బర్మింగ్‌హామ్‌లో ఆల్‌ఫ్రెడ్ బర్డ్ అనే రసాయన వ్యాపారి 1837లో, గుడ్లు పడని తన భార్య కోసం మొక్కజొన్న పిండితో కస్టర్డ్ తయారుచేశారు. పాలకు బదులు సోయా పాలో జీడిపప్పు పాలో పోస్తే అది వీగన్ అవుతుంది.

గుడ్డు మానేస్తే బలం తగ్గదా?

ఒక గుడ్డులో సుమారు 6 గ్రాముల ప్రోటీను ఉంటుంది. అవిసె ముద్దలో ఒకటిన్నర గ్రాము కూడా ఉండదు, శనగ నీళ్లలో నామమాత్రం. అంటే ఇవి వంటలో గుడ్డు పని చేస్తాయే తప్ప ఆహారంలో గుడ్డు స్థానాన్ని భర్తీ చేయవు. 30 గ్రాముల శనగపిండితో వేసిన అట్టులో మాత్రం గుడ్డుకు సమానంగా ప్రోటీను ఉంటుంది. పప్పు, శనగలు, సోయా రోజూ తినేవారికి దిగులు అక్కర్లేదు.

బి12 విటమిను సంగతి వేరు. మొక్కల ఆహారంలో అది నమ్మదగిన మోతాదులో దొరకదు. పాలు కూడా మానేసినవారు డాక్టరును అడిగి బి12 మాత్ర వేసుకోవాలి. దీన్ని వాయిదా వేయకండి.

గుడ్డు అలర్జీ ఉన్న పిల్లలకు ఇవన్నీ పెట్టవచ్చా?

వీటిలో గుడ్డు లేదు, కానీ సోయా, జీడిపప్పు, బాదం, శనగ కూడా కొందరికి పడవు. కొత్త పదార్థాన్ని మొదటిసారి పెట్టే ముందు పిల్లల డాక్టరును అడగండి. బయట కొనేటప్పుడు ఇంకో జాగ్రత్త ఉంది. మా అక్క కొడుక్కి ఒకసారి ఒక బేకరీ ఎగ్‌లెస్ పేస్ట్రీ తినగానే పెదవులు వాచాయి. గుడ్డు కేకు కోసిన కత్తితోనే దాన్నీ కోశారని తర్వాత తెలిసింది. అప్పటి నుంచి మేము కత్తి, ట్రే, బీటర్ వేరుగా ఉన్నాయా అని అడగకుండా ఎక్కడా కొనడం లేదు. అడగడానికి మొహమాటపడకండి. సీసాల్లో, డబ్బాల్లో అమ్మే కొన్ని ‘గుడ్డు ప్రత్యామ్నాయాలు’ తెల్లసొనతోనే చేసినవి ఉంటాయి, అవి కొలెస్టరాల్ తగ్గించుకునేవారి కోసం. జాబితా చదవకుండా కొనవద్దు.

బన్నుల మీద మెరుపు?

సోయా పాలలో కొంచెం బెల్లం పాకం, రెండు చుక్కల నూనె కలిపి కాల్చే ముందు పూయండి. గుడ్డంత మెరవదు, రంగు మాత్రం బాగా వస్తుంది.

మిగిలిన శనగ నీళ్లు ఎన్నాళ్లు ఉంటాయి?

ఫ్రిజ్‌లో అయిదు రోజులు. ఐస్ ట్రేలో ఒక్కో గడిలో ఒక టేబుల్ స్పూను పోసి గడ్డకట్టిస్తే కొన్ని నెలలు ఉంటాయి. మూడు గడ్డలు కరిగిస్తే ఒక గుడ్డు. పుల్లని వాసన వస్తే పారబోయండి.

గుడ్డు లేకుండా కుదరనివి ఏవైనా ఉన్నాయా?

ఉన్నాయి. పది పన్నెండు తెల్లసొనలతో చేసే ఏంజెల్ ఫుడ్ కేకు ఇంట్లో నాకు ఒక్కసారి కూడా నిలబడలేదు. ఓవెన్‌లోంచి తీయగానే మధ్యలో కూలిపోతుంది. గుడ్డులోని పొంగుతోనే నిలిచే సుఫ్లేలదీ అదే కథ. వాటి జోలికి పోకుండా వేరే తీపి చేసుకోండి.

కోడిగుడ్డు పులుసు గురించీ చాలామంది అడుగుతారు. తెల్లసొననూ పచ్చసొననూ విడివిడిగా చేసి గుడ్డు ఆకారంలో అతికించే పద్ధతులు ఉన్నాయి కానీ, పులుసులో మరిగేసరికి అవి విడిపోతాయి. నేను ఎండాకాలంలో దాచిన పనస గింజలు వేస్తాను. పై పెంకు ఒలిచి, కుక్కర్‌లో మెత్తబడేలా ఉడికించి, నూనెలో ఎర్రగా వేయించి, అదే ఉల్లిపాయ, చింతపండు, ధనియాల పొడి పులుసులో వేసి పది నిమిషాలు మరిగిస్తాను. కొరికితే లోపల పచ్చసొనలా పొడిపొడిగా ఉంటుంది. దించేటప్పుడు చిటికెడు నల్ల ఉప్పు వేయండి, వడ్డించే ముందు ఒక గంటైనా ఊరనివ్వండి.